ఆఫ్రికాన్సు వాక్చిత్రములు - జేమీ ఎయిసు నటవృత్తి

దక్షిణాఫ్రికాదేశమున వాడుకలోనున్న భాషలలో ఆఫ్రికాన్సు అనునది యొకటి. 1652వ సంవత్సరమున డచ్చి ప్రాగ్దేశవర్తకసంఘమువారు గుడ్ హోప్ అగ్రమున నెలకొల్పిన వలసయే దీని పుట్టినిల్లు. హాలండునుండి వచ్చిన నావికులును సైనికులును కృషీవలులును దెచ్చిన పదునేడవ శతాబ్దపు డచ్చిమాటలు దీనికిఁ బ్రకృతి. కాని యా ప్రకృతి యట్లే నిలువలేదు. ఆ దేశపు ఖోయిజనులును, జావా, మలబారు, కోరమాండలు, వంగదేశ తీరములనుండి బానిసలుగాఁ గొనిపోఁబడినవారును ఆ మాటలనే తమకు వచ్చినట్లు పలికి, ప్రత్యయములను రాల్చి, క్రొత్తమాటలను జేర్చి, వికృతి నొకదానిని గల్పించిరి. మచిలీపట్టణము మొదలగు తావులలో డచ్చివారికిఁ గోఠీలుండిన కాలమది. కావున నీ భాషాచరిత్రములోఁ బూర్వసముద్రతీరపు నోళ్లకును గొంత పాలు గలదనుట సాహసము గాదు. మిక్కిలి యను నర్థముగల 'బాయ' యను మాట మలాయిభాషనుండియు, కూరకుఁ జెల్లు 'కెరి' యను మాట యరవమునుండియు వచ్చినవి.

పాణినీయము చదివినవారికి ఈ భాషావ్యాకరణము మొదట వింతగాఁ దోఁచును. క్రియకుఁ బురుషభేదము లేదు, వచనభేదము లేదు. 'లూప్' అనఁగా నడచుట. నేను, నీవు, వాఁడు, మేము, మీరు, వారు అను నాఱింటికిని ఆ యొక్క రూపమే చెల్లును. తిఙ్ప్రత్యయములు పదునెనిమిదింటిని గంఠస్థము చేసిన విద్యార్థికి ఇది మోక్షమువలెఁ గానవచ్చును. నామమునకు లింగభేదము లేదు. ఇంతగా రాల్చుకొన్న భాష నిషేధమునందు మాత్రము మిక్కిలి యుదారముగా నుండును: వాక్యమధ్యమున నొకసారి 'ని' యని నిషేధించి, వాక్యాంతమున మరల 'ని' యనును. రెండు నిషేధములు కలిసి ప్రకృతార్థమునే తెలుపునను శాస్త్రవాద మిచ్చటఁ జెల్లదు; రెండవది మొదటిదానికి ముద్ర వేయుటయే. తెలుఁగువారికి దగ్గఱగాఁ దోఁచు లక్షణ మింకొకటి గలదు: ఆమ్రేడితము. 'లఖ్ లఖ్' అనఁగా నవ్వుచు నవ్వుచు. 'ప్లెక్ ప్లెక్' అనఁగా నచ్చటచ్చట. పశ్చిమైరోపా భాషలయం దిట్టి ద్విరుక్తి యరుదు. మలాయి మొదలగు ప్రాగ్దేశభాషలు పలికిన నోళ్లనుండి యిది వచ్చినదని పలువురు పండితుల మతము.

చదువుకొన్నవారు చిరకాలము దీనిని వంటయింటిభాష యని యెగతాళి చేసిరి. దేవాలయమున డచ్చి, న్యాయస్థానమున నింగ్లీషు, పొలమునను వంటయింటను ఆఫ్రికాన్సు: ఇది పంతొమ్మిదవ శతాబ్దపు స్థితి. సంస్కృతనాటకములలో రాజు సంస్కృతమును, విదూషకుఁడు ప్రాకృతమును మాటలాడు మర్యాదకు లోకవ్యవహారమున నింతకంటె స్పష్టమైన దృష్టాంతము దొరకుట కష్టము. 1875లో పార్ల్ అను నూర 'నిజమైన ఆఫ్రికానరుల సంఘము' ఏర్పడి, మఱుసటియేఁడు పత్రికను వెలువరించెను. 1917లో వర్ణక్రమనియమములు ముద్రితమైనవి. 1925లో రాజభాషగా నంగీకారము లభించినది. 1933లో బైబిలు పూర్ణానువాదము వెలువడినది. ఇది సాధారణముగాఁ జెప్పఁబడు చరిత్రము. కాని యా సంఘము పుట్టకమునుపే కేపుపట్టణపు మహమ్మదీయులు తమ పిల్లలకు ధర్మబోధ చేయుటకై ఇదే భాషను అరబ్బీలిపిలో వ్రాసికొనుచుండిరి. అబూబకర్ ఎఫెండీ రచించిన ధర్మగ్రంథము 1877లో ఇస్తాంబూలున నచ్చయినది. ఈ భాషను వ్రాఁతకెక్కించిన గౌరవము శ్వేతజాతి యొక్కదానికే చెందదనుట జ్ఞాపకముంచుకొనవలసిన విషయము. ముందు దీనితోఁ బని గలదు.

గ్రాంథికవ్యావహారికవాదము నెఱిఁగిన తెలుఁగు పండితులకు ఈ కథ పరాయిది గాదు. అయినను భేద మొక్కటి గలదు. అచ్చట వ్యావహారికపక్షము వెనుక నొక జాతీయోద్యమమును, 1948 తరువాత నొక ప్రభుత్వమును నిలిచినవి. భాషకు బలము చేకూర్చిన యా చేతులే యా భాషకు శత్రువులనుగూడఁ జేకూర్చినవి. ఈ రెండింటి నడుమ నొక హాస్యనటుని జీవితము గడచినది. ఆ నటుఁడు జేమీ ఎయిసు.

ఆ పేరు తెలుఁగులిపికి లొంగదు. పెదవులను గుండ్రముగాఁ జేసి యెకారము పలికి యికారమున ముగింపవలయును. ఇంగ్లీషువారు దీనిని ఏసు అందురు. ఇచ్చట ఎయిసు అని వ్రాయఁబడుచున్నది.

ఇతనికంటె ముందటి చిత్రముల సంగతి కొంత చెప్పవలయును. 1915లో షెలిసింజరు అను వర్తకుఁడు జొహానెసుబర్గున ఆఫ్రికన్ ఫిల్మ్ ప్రొడక్షన్సు అను సంస్థను స్థాపించెను. ఆ సంస్థ 1916లో 'డె ఫోర్ట్రెకర్స్' అను మూకచిత్రమును దీసినది. బోయరులు బండ్లు కట్టుకొని లోదేశమునకుఁ దరలిన మహాప్రయాణము దాని వస్తువు. గుస్తావ్ ప్రెలరు కథారచయిత, హెరాల్డ్ షా దర్శకుఁడు. తెరపైఁ గనఁబడిన వ్రాఁతలు ఇంగ్లీషునను డచ్చిభాషయందును ఉండెను. ఆఫ్రికాన్సు మాటలాడు జనుల వీరగాథయందు ఆఫ్రికాన్సునకే చోటు లేకపోయెను! తొమ్మిదేండ్ల తరువాతఁ గాని యది రాజభాష కాలేదు గదా.

మాట తెరకెక్కినది 1931లో. ఆ యేఁడు జోసెఫ్ ఆల్‌బ్రెక్టు 'సారీ మారె' యను పది నిమిషముల చిత్రమును, 'మూడెర్కి' యను నాటకానుసరణమును దీసెను. మొదటిదానియందు బ్రిటిషువారి చెఱలోనున్న బోయరుఖైదీ యొకఁడు జానపదగేయ మొకటి పాడఁగాఁ దక్కినవారు గొంతు గలుపుదురు. రెండవది గ్రాస్‌కాఫ్ వ్రాసిన యేకాంకికనుండి పుట్టినది. తెలుఁగు 'భక్తప్రహ్లాద' 1932 ఫిబ్రవరి 6వ తేదిని ప్రదర్శితమైనది గనుక నీ రెండు భాషలును ఇంచుమించుగా నొక్కసారియే తెరపై నోరు విప్పినవనవచ్చును. ఒకటి పురాణముతో విప్పినది, ఇంకొకటి చెఱసాలపాటతో.

'మూడెర్కి' యను పేరు వైయాకరణునకు రుచించును. మూడెర్ అనఁగాఁ దల్లి. దానిపైఁ జేర్చిన ప్రత్యయము అల్పార్థకము. తల్లి చిన్నదగుట యెట్లు? సంస్కృతమునఁ గప్రత్యయము అల్పార్థమునందే గాక యనుకంపార్థమునందును వచ్చునట్లే, ఆఫ్రికాన్సున నీ ప్రత్యయము ప్రేమనుగూడఁ దెలుపును. ఆ భాషవారు కాఫీపాత్రకును గుఱ్ఱమునకును బిడ్డకును దీనిని దగిలింతురు.

1938లో మహాప్రయాణశతవార్షికోత్సవసందర్భమున ఆల్‌బ్రెక్టే 'బౌ ఫన్ అ నాసీ' యనఁగా జాతినిర్మాణ మను పెద్దచిత్రమును రెండు భాషలలోఁ దీసెను. 1940లో హాన్సు రొంపెలు మొదలగువారు హాలీవుడ్డు చిత్రముల ప్రభావమును సహింపక, ఔత్సాహికచిత్రసంఘ మొకదానిని బెట్టిరి. చలచ్చిత్రమును 'బియోస్కోప్' అనుట మాని 'రొల్‌ప్రెంట్' అనవలయునని స్వభాషాభిమానులు పట్టుపట్టిన కాలమిదే. రొల్ అనఁగాఁ జుట్ట, ప్రెంట్ అనఁగా బొమ్మ. తెలుఁగువారు బయస్కోపును విడిచి చలచ్చిత్రమనినట్లే. రెండుచోట్లను జనులు మాత్రము తమకుఁ దోఁచిన మాటనే వాడిరి. ఈ చిత్రములందలి నాయకులు ధీరోదాత్తులు: గుఱ్ఱమెక్కినవారు, బైబిలు పట్టినవారు. పియెర్ డి వెట్ అను నటదర్శకుఁడు 1949లో 'కొమ్ సామ్ ఫనాంట్' అను చిత్రమున అల్ డెబ్బో, ఫ్రెడరిక్ బర్గర్సులచేఁ బాడించి నవ్వించువఱకును ఆఫ్రికాన్సు తెరకు హాస్యము వెల్లువగా రాలేదు.

జేమీ ఎయిసు 1921 మే 30వ తేదిని జొహానెసుబర్గునకు సమీపమునందలి బాక్సుబర్గున జన్మించెను. తల్లిదండ్రు లిడిన పేరు యాకోబుస్ యొహానెస్. తొలుత నతఁడు పాఠశాలలో గణితోపాధ్యాయుఁడు. తోడి గణితోపాధ్యాయిని హెట్టీని వివాహమాడి, ఉత్తరమునఁ బలాలా నదీప్రాంతమునకుఁ బోయి, సేద్యమును జిన్న వర్తకమును సాగించెను. నాటకశాలలో శిక్షణ పొందినవాఁడు గాఁడు. గణితమును బోధించినవాఁడు, పొదల నడుమ దుకాణము నడపినవాఁడు. ఇది యతని నటనకు లోపమా గుణమా యని యడుగఁదగును. అతని భాష నాటకభాష గాకపోవుటకు ఇదియే కారణము. పల్లెకొట్టునకు వచ్చువారి పలుకుబడి యతనికి లక్ష్యము. లక్షణగ్రంథ మొక్కటియు లేదు.

1951లో నతఁడు తానే వ్రాసి, తానే నడిపి, భార్య హెట్టీతోఁ గూడి తానే నటించిన చిత్రము వెలువడెను. దాని పేరు 'డార్ డూర్ ఇన్ డి బొస్‌ఫెల్ట్'. డార్ అనఁగా నచ్చట. డూర్ అనఁగా నల్లంతదూరమున. బొస్ అనఁగాఁ బొద. ఫెల్ట్ అనఁగా బయలు. 'అల్లదిగో దూరాన పొదలబయలిలో' అని తాత్పర్యము. డూర్ అనుటతోడనే సంస్కృతదూరశబ్దము స్ఫురింపకమానదు. ఉచ్చారణమును అర్థమును రెండును గలిసినవి. అయినను ధ్వనిసామ్యమాత్రమునఁ జుట్టరికము గల్పించుట శాస్త్రము గాదు. దాని పుట్టుకను డచ్చిభాషాసంతతిలోనే వెదకవలయును. ఇట్టి సామ్యములఁ బట్టుకొని భాషాకుటుంబములను గట్టినవారి గ్రంథములు తెలుఁగుదేశమునను గొన్ని గలవు.

బొస్‌ఫెల్ట్ షష్ఠీసమాసము. 1958లో నతఁడే నటించిన చిత్రమునకు 'డి బొస్‌ఫెల్డర్' అని పేరు. ఇచ్చట 'వాఁడు దీనియందు నివసించును' అను నర్థమునఁ దద్ధితప్రత్యయము వచ్చినది. నడుమ 1954లో 'డార్ డూర్ ఇన్ డి స్టాట్' అను చిత్రము గలదు. స్టాట్ అనఁగాఁ బట్టణము. మొదట పొదలబయలు దూరము. పిమ్మటఁ బట్టణము దూరము. పేరులను వరుసగాఁ జదివినచోఁ బల్లెవానికిఁ బట్టణము వింతయగు కథ, పట్టణమువానికిఁ బల్లె వింతయగు కథ యను రెండే సూత్రములపై నీ హాస్యము నిలిచినదని తెలియును. 1955లో వచ్చిన 'గెల్ట్ సూస్ బొసీస్' అనుదాని పేరు జాతీయము: పొదలవలె డబ్బు. మనవారు కుప్పలు తెప్పలుగా నన్నట్లు. ఉపమానము నేలనుబట్టి మాఱును; ఎండిన బయలున నెటుచూచినను గనఁబడునవి పొదలే.

అతని పాత్రము ప్రాయికముగా నొక్కటే. మంచిమనస్సు, మొండిచేతులు, మాటలాడఁబోయి తడఁబడుట, కూర్చుండఁబోయి పడుట. అలంకారశాస్త్రము చెప్పిన నాయకభేదములు నాల్గింటిలో నిది యేదియుఁ గాదు. ఇది విదూషకుఁడే నాయకుఁడగుట. రాజు లేని నాటకమున విదూషకుని ప్రాకృతమే ముఖ్యభాష యగును. వంటయింటిభాష యనిపించుకొన్న దానికి, గుఱ్ఱమెక్కిన వీరునికంటె నీ తడఁబడు పల్లెవాఁడే యెక్కువ మేలు చేసెననవచ్చును. వీరుఁడు మాటలాడినప్పుడు భాష బైబిలు చదువుచున్నట్లుండెను. ఇతఁడు మాటలాడినప్పుడు ఇంటిలోవలె నుండెను.

ఇంటిలోవలె నుండుట యనఁగా నేమో 1962లో వచ్చిన 'లార్డ్ ఊమ్ పీట్' అను పేరు చూపును. ఊమ్ అనఁగాఁ దండ్రితోడఁబుట్టినవాఁడు, తల్లితోడఁబుట్టినవాఁడును. కాని యా భాషవారు ముక్కుమొగ మెఱుఁగని పెద్దవానినిగూడ ఊమ్ అందురు. పెద్దయామెను టనీ యందురు. తెలుఁగుపల్లెలో దారినిఁ బోవు ముదుసలిని తాతా, మామా యనినట్లే. ఇంతేకాదు. పెద్దవానితో మాటలాడునప్పుడు నీవు, నీ అను సర్వనామములను వాడుట మర్యాద గాదు. 'ఊమ్‌నకుఁ గాఫీ కావలయునా? ఊమ్ తన టోపీ తెచ్చెనా?' యను తీరున నామమునే మరల మరలఁ జెప్పుదురు. 'తన' యను చోటను ఊమ్ అనియే యందురు. ఎదుటివానిని బ్రథమపురుషమున నిలిపి గౌరవించుట భవచ్ఛబ్దము నెఱిఁగినవారికిఁ గ్రొత్త గాదు. ఇంగ్లీషున దీనిని జెప్పుటకు వీలులేదు. ఆ చిత్రమున ఆంగ్లేయులన్నఁ గిట్టని యొక ఆఫ్రికానరునకు ఇంగ్లాండునుండి ప్రభుపదవి వారసత్వముగా సంక్రమించును. లార్డ్ అను బిరుదమును ఊమ్ అను చుట్టఱికపుఁబిలుపును నొకదాని ప్రక్క నొకటి నిలువఁగానే హాస్యమంతయుఁ బుట్టినది. రెండును గౌరవవాచకములే, ఒకటి దూరముంచు గౌరవము, ఇంకొకటి దగ్గఱఁజేర్చు గౌరవము.

ఆంగ్లేయులకును ఆఫ్రికానరులకును గల యెకసెక్కెములు ఎయిసునకు నిత్యవస్తువు. 1953లోనే 'ఫిఫ్టీ-ఫెయ్ఫ్టఖ్' అను ద్విభాషాచిత్రమున దీనిని దడవెను. రెండు మాటలకును ఏఁబది యనియే యర్థము. 1961లో వచ్చిన చిత్రమునకు ఆఫ్రికాన్సున 'హాన్స్ ఎన్ డి రోయినెక్' అనియు, ఇంగ్లీషున 'సిడ్నీ అండ్ ది బోర్' అనియుఁ బేరులు. రోయినెక్ శుద్ధబహువ్రీహి: రోయి యనఁగా నెఱ్ఱని, నెక్ అనఁగా మెడ, ఎండకుఁ గందిన యెఱ్ఱని మెడ గలవాఁడు, అనఁగా నాంగ్లేయుఁడు. నీలకంఠశబ్దమున స్తుతి, ఈ శబ్దమున నింద. సమాసశాస్త్రమునకు రెండును సమానమే. చూడవలసిన దింకొకటి. ఆఫ్రికాన్సు పేరులోఁ దమవానికి సంజ్ఞావాచకము, పరునికి జాతివాచకము. ఇంగ్లీషు పేరులో నది తలక్రిందు. తనవాఁడు వ్యక్తి, పరుఁడు జాతి. కథ యీ భేదమును బోఁగొట్టి వారిని స్నేహితులను జేయును. పేరులు మాత్రము తమ పక్షపాతమును విడువలేదు. బాబ్ కోర్ట్‌నీ యను నటుఁ డందు ఎయిసునకు జోడుగా నటించెను.

ఆ స్నేహకథకుఁ గాలము గమనింపఁదగినది. 1960 మార్చి 21వ తేదిని షార్ప్‌విల్ అను తావున నిరాయుధులైన నల్లవారిపై రక్షకభటులు కాల్పులు జరుపఁగా 69 మంది మరణించిరి. 1961 మే 31వ తేదిని దేశము గణతంత్రమైనది. రెండు శ్వేతజాతుల నడుమ జగడము తీఱుట తెరపై నానందముగాఁ జూపఁబడినది. దేశమున నధికసంఖ్యాకులతోడి జగడము తెరపైకి రానేలేదు. ఆ కాలపుఁ జిత్రములయందు నల్లవారు సేవకులుగనో దూరమునఁ గనఁబడు జనసమూహముగనో యుందురు. వారు చిత్రములఁ జూచు ప్రదర్శనశాలలును వేఱే.

ఈ చిత్రములు బ్రతుకుటకు ధనముగూడఁ గారణము. 1956లో ప్రభుత్వము స్వదేశచిత్రములకు వసూళ్లనుబట్టి సహాయద్రవ్య మిచ్చు పద్ధతిని బెట్టినది. దానికై పాటుపడినవారిలో ఎయిసు ముఖ్యుఁడు. 1956 మొదలు 1962 వఱకు నిర్మింపఁబడిన 60 చిత్రములలో 43 ఆఫ్రికాన్సువి, 4 ద్విభాషలవి, తక్కిన 13 ఇంగ్లీషువి. రాజాశ్రయమున వాఙ్మయము పెరుగుట క్రొత్త సంగతి గాదు. ఆశ్రయ మిచ్చిన రాజును బరిహసించు స్వాతంత్ర్యము విదూషకునకు సంస్కృతనాటకమునఁ గలదు. ఇచ్చటి విదూషకుఁ డా స్వాతంత్ర్యమును జాల తక్కువగా వాడుకొనెను. ఇది యతని నటనయందలి దోషము గాదు, వస్తువరణమందలి దోషము. అయినను దోషమే.

1960లో వచ్చిన 'రిప్ ఫన్ వెయిక్' అతని మేలైన పాత్రములలో నొకటి. అమెరికాదేశపు ప్రసిద్ధనిద్రాళువు కథను దెచ్చి, నూఱేండ్లు నిద్రించి లేచిన బోయరుగా మార్చెను. మేల్కొన్నవానికి మోటారుబండ్లును విద్యుద్దీపములును వింతలు. భాషాపరిశీలకునకు ఇందొక యూహ తోఁచును: 1860లో నిద్రించినవానికి ఆఫ్రికాన్సను పేరుతో నొక భాష యున్నదనియే తెలియదు, తాను మాటలాడునది డచ్చిభాషయే యనుకొనును. లేచిన తరువాత రాజశాసనములును బైబిలును తన వంటయింటిమాటలలో నుండుట యతనికి మోటారుబండికంటెఁ బెద్దవింత గావలసినది. కథకుఁ డీ త్రోవను బోయినట్లు కానరాదు.

అతఁడే మఱుసటియేఁడు భాషాచరిత్రము వస్తువుగా 'డూట్‌క్రెయ్ ఇస్ మిన్' అను చిత్రమునకు దర్శకత్వము వహించెను. ఆ పేరు జాతీయము. చంపుట యంత సులభము గాదని భావము. ఆఫ్రికాన్సును రూపుమాపుట యెవరి తరమును గాదను నభిమానవాక్యమది. పదునేనేండ్లకుఁ, 1976 జూన్ 16వ తేదిని, సొవెటోపురమున నల్లపిల్లలు వేలకొలఁదిగా వీథులకు వచ్చిరి. సగము పాఠ్యవిషయములను ఆఫ్రికాన్సుననే బోధింపవలయునను శాసనమును వారు ధిక్కరించిరి. తుపాకులు ప్రేలినవి, పిల్లలు చచ్చిరి. ఒకప్పు డింగ్లీషు తమపై రుద్దఁబడెనని గోలపెట్టిన జాతి తన భాషను బరులపై రుద్దెను. భాష చావలేదు గాని, యెంతమంది చెవులకో యది యాజ్ఞాపించువాని గొంతుగా మాత్రమే వినఁబడఁజొచ్చెను.

ఇచ్చటనే మొదట విడిచిన సంగతిని మరల నెత్తుకొనవలసియున్నది. ఈ భాష యెవరిది? కేపుప్రాంతపు మిశ్రజాతివారు, ఆ బానిసల సంతతివారు, దీనిని దల్లిభాషగా మాటలాడుదురు. 2011వ సంవత్సరపు జనగణనప్రకారము ఆఫ్రికాన్సు మాతృభాషగాఁ గలవారు సుమారు 68 లక్షలు. అందు సగమునకుఁ బైఁగా శ్వేతేతరులే. శిష్టప్రయోగము ప్రమాణమని శాస్త్రము చెప్పును గదా. శిష్టు లెవరని నిర్ణయించు నధికార మొక్క తెగకుఁ జిక్కినచో, ఆ ప్రమాణము వ్యాకరణమున నిలువదు, రాజ్యముననే నిలుచును. 1968లో యాన్స్ రౌటెన్‌బాఖ్ 'డి కండిడాట్' అను చిత్రమున ఆఫ్రికానరుఁ డనఁగా నెవఁడను ప్రశ్నను వేసి పరిశీలకసంఘము కత్తెరకు లోనయ్యెను. మిశ్రజాతికవి ఆడమ్ స్మాల్ 1965లో కేపువారి పలుకుబడిలోనే నాటకమును వెలువరించెను. ఎయిసు చిత్రములయందలి పల్లెభాష వినసొంపైనదే; కాని యది యా భాషలో నొక మాండలికమే యనియు, తెఱకెక్కని మాండలికము లింకను గలవనియుఁ జూచువారికిఁ దోఁపనీయదు.

తఱుచుగా హాస్యగాఁడనియే యెన్నఁబడు నతఁడు 1969లో 'డిర్కి'యను చిత్రమునఁ గన్నీరు పెట్టించెను. డిర్క్ అను పేరునకు మరల నా యనుకంపార్థకప్రత్యయమే. విమానము కూలి, కలహారి యెడారిలో నెనిమిదేండ్ల బాలుఁడొకఁడు కుక్కపిల్లతో నొంటరిగాఁ జిక్కుకొనును. వాద్యకారుఁడైన తండ్రి కొడుకును వెదకించును. తండ్రిపాత్రమున ఎయిసు, కొడుకుపాత్రమున నతని కొడుకు వైనాండు. ఇంగ్లీషురూపమున నిరువురును హేస్ అను నింటిపేరు పెట్టుకొనిరి. పరదేశీయుల నోటికి ఎయిసు లొంగదు గదా. ఇందు మాటలు తక్కువ. బాలుని మౌనమును తండ్రి తొందరయుఁ గథను నడుపును. పూర్వచిత్రములలోఁ దడఁబడి నవ్వించిన యా శరీరమే యిచ్చటఁ దడఁబడి జాలి పుట్టించుట చూచినవారు, అతని నటనకు మాటకంటె నంగవిక్షేపమే మూలమని యెఱుఁగుదురు. ఆంగికము దృఢముగా నున్నవానికి వాచికము తక్కువైనను లోటు లేదు.

తరువాత నతఁడు నటుఁడుగాఁ జాలవఱకు వెనుకకుఁ దప్పుకొనెను. 1974లో మృగజీవితమును గూర్చి తీసిన చిత్రమునకు అమెరికాదేశమున గోల్డెన్ గ్లోబు బహుమానము వచ్చెను. 1980లో వచ్చిన 'ది గాడ్స్ మస్ట్ బి క్రేజీ' యతనిని లోకప్రసిద్ధునిఁ జేసినది. ఆకాశమునుండి పడిన గాజుసీసాను దేవతల కిచ్చివేయఁబోవు సాన్‌జాతీయునిగా నటించినవాని పేరు 'నఖౌ' యని వ్రాయవచ్చును గాని యది సరిగాదు. రోమకలిపిలో నకారఖకారముల నడుమ నాశ్చర్యార్థకచిహ్నము నుంతురు. అది జిహ్వను దవడకు నొక్కి చప్పున విడిచినప్పుడు గాలి లోపలికిఁ బోవుటచేఁ బుట్టు వర్ణము. శిక్షాగ్రంథములయందలి స్థానకరణవివేచనమున దీనికిఁ జోటు లేదు. వర్ణములన్నియు వెలికివచ్చు ప్రాణవాయువువలననే పుట్టునని యా గ్రంథముల మతము. తెలుఁగువారును ఇట్టి ధ్వనులను బుట్టింతురు. జాలిపడునప్పుడు పండ్లకు నాలుకఁ దాఁకించి చేయు చప్పుడును, ఎద్దుల నదలించునప్పుడు చేయు చప్పుడును ఈ కోవలోనివే. కాని తెలుఁగున నవి వర్ణములు గావు. సాన్‌భాషలయందు నవి పదముల నేర్పఱచును. రాజశాసనముల నెక్కని యీ ధ్వనులను లోకమంతయు విన్నది యీ చిత్రముననే.

చిత్రమును మెచ్చినవారితోఁ బాటు నిందించినవారును గలరు. సాన్‌జనులు లోకమెఱుఁగని యమాయకులుగాఁ జూపఁబడిరి. వాస్తవమునఁ బెక్కుమంది తమ నేలను గోల్పోయి, దక్షిణాఫ్రికాసైన్యమునఁ గూలికిఁ జేరి, సర్కారు పిండిపై బ్రతుకుచుండిరి. జాన్ మార్షల్ అను నమెరికాదేశీయుఁడు ఆ 1980లోనే నై యను సాన్‌స్త్రీ జీవితమును జిత్రించుచు, ఎయిసు బృందము పనిచేయు తీరునుగూడఁ గొంత చూపెను. రెండింటిని వరుసగాఁ జూచిన పాఠకునకు వేఱు వ్యాఖ్యానము పనిలేదు.

ఆ ప్రసిద్ధచిత్రమున ఎయిసు చిన్నవేషము నొకదానిని ధరించెను. పాత్రము క్రైస్తవమతాచార్యుఁడు. పల్లెపాఠశాలకుఁ గ్రొత్తగా వచ్చుచున్న యుపాధ్యాయినిని దోడ్కొనివచ్చు పనిని మారియుస్ వెయెర్సు ధరించిన యొక శాస్త్రజ్ఞునకుఁ బురమాయించును. ఆ శాస్త్రజ్ఞుఁడు స్త్రీ యెదుట నోరు తడఁబడువాఁడు, చేయి పెట్టిన వస్తువు నెల్ల గూల్చువాఁడు. ముప్పది యేండ్లు తాను ధరించిన పాత్రమే. దానిని బడుచునటునకు అప్పగించి, తాను నల్లని యంగీతో నిలువఁబడి వానిని బనికిఁ బంపెను. తరువాత నతఁడు దర్శకుఁడుగానే పని సాగించి 1996 జనవరి 29వ తేదిని మరణించెను. అతఁడు దర్శకత్వము వహించిన చిత్రములు 24. నఖౌ 2003లో నమీబియాదేశమున మరణించెను. కేపుపలుకుబడికి, అనఁగా బానిసల సంతతివారి యాఫ్రికాన్సునకు, త్రిభాషానిఘంటువును గూర్చు ప్రయత్నము పశ్చిమకేపు విశ్వవిద్యాలయమున 2021లో మొదలైనది.